చావు సీన్ల ఎడిత్ గారు

మొన్న ఆదివారం పప్పుకి తాలింపు వేస్తుంటే హాల్లో టీవీలోంచి ఎడిత్ గారి గొంతు వినిపించింది. గరిటె పట్టుకుని అలాగే పరుగెత్తాను, వెనక ఆవాలు మాడిపోయాయి. తెర మీద ఏదో పాత హాలీవుడ్ సినిమా. ముఖానికి ముదురు రంగు పూసి, కళ్ళ కొసలు పైకి లాగి, తూర్పు దేశపు పిల్లగా వేషం కట్టించిన ఒక తెల్ల నటి ప్రియుడి ఒళ్ళో ప్రాణం వదులుతోంది. ఆ నటి ఎవరో నాకు తెలియదు. ఆమె జర్మన్‌లో విడిచిన ఆఖరి ఊపిరి మాత్రం డార్మ్‌స్టాట్‌లో మా కింది వాటాలో ఉండిన ఎడిత్ గారిది. తెలిసిన మనిషి చనిపోయిన తర్వాత ఆమె మళ్ళీ చనిపోవడం వినాల్సి రావడం ఎంత చిత్రంగా ఉంటుందో చెప్పలేను.

జర్మనీలో విదేశీ సినిమా ఏదైనా డబ్బింగ్ చేసే చూస్తారు. ముంబై హీరోయిన్‌కి మన పిల్లెవరో గొంతిస్తే విని పెరిగినవాళ్ళం, మనకిది వింత కాదు. ఎడిత్ గారు యుద్ధం అయిన కొత్తల్లో పుట్టారు. తల్లి జర్మన్, తండ్రి నల్లజాతి అమెరికన్ సైనికుడు. నటన నేర్చుకుని నాటక కంపెనీల చుట్టూ తిరిగితే పనిమనిషి వేషాలు తప్ప ఇవ్వలేదట. చివరికి డబ్బింగ్ గదిలో పని దొరికింది. చీకట్లో మైకు ముందు నిలబడేవాళ్ళ ముఖం ఎవరికి కావాలి? పాత హాలీవుడ్ ప్రేమకథల్లో రంగు పూసుకున్న తెల్ల నాయికలకు ఏళ్ళ తరబడి గొంతిచ్చారు. "చచ్చే సీనుంటే నాకే ఫోన్ చేసేవారు. బాగా చస్తానని పేరు," అని నవ్వేవారు.

కరోనా రోజుల్లో ఒకరింటికి ఒకరు వెళ్ళే వీలు లేక ఆవిడ తలుపు బార్లా తెరిచి, టీవీని గుమ్మం వైపు తిప్పి, ఆ సినిమాలు పెట్టేవారు. నేను మాస్కు పెట్టుకుని మెట్ల మీద కూర్చునేదాన్ని. ఒకసారి, "నిజంగా ఆ దేశపు నటి ఒక్కతీ దొరకలేదా వీళ్ళకి?" అని అడిగాను.

"ఎందుకు దొరకదు? అదిగో, వెనక విసనకర్ర పట్టుకుని నిలబడింది చూడు. తెరమీద రెండు జాతులు ప్రేమించుకోకూడదని వాళ్ళకో నియమం. హీరో తెల్లవాడైతే ప్రేయసి కూడా లోపల తెల్లదే అయ్యుండాలి. పైన రంగు వేస్తే సరిపోతుంది."

"పోనీ కథలోనైనా పెళ్ళవుతుందా?"

"అంత అదృష్టమా! ఆ పిల్ల చావాలి. లేకపోతే పుట్టుకతో తెల్లదేనని ఆఖర్న బయటపడాలి."

నేను పకపకా నవ్వాను. ఆవిడ నవ్వలేదు. "ఇంతకీ నువ్వు ఆ యోనస్‌ని చలిలో బాల్కనీలో ఎందుకు నిలబెడతావు?" అన్నారు.

నా నవ్వు ఆగిపోయింది. మాది గుంటూరు దగ్గర క్రైస్తవ కుటుంబం, నాన్న సంఘ పెద్ద. యోనస్ అనే జర్మన్ అబ్బాయితో ఒకే ఇంట్లో ఉంటున్నానని మావాళ్ళకి తెలియదు. అమ్మ వీడియో కాల్ చేసినప్పుడల్లా అతను కోటు వేసుకుని బాల్కనీలోకి వెళ్ళిపోయేవాడు. కింద తన బాల్కనీలోంచి ఎడిత్ గారు అతని దగ్గులన్నీ వింటూనే ఉన్నారన్నమాట. తర్వాత చెప్తానని దాటేశాను.

ఆ వేసవిలో మా వీధివాళ్ళ నాటక బృందం పెరట్లో ఒక నాటకం వేయాలనుకుంది. నేను అందులో చిన్నా చితకా వేషాలు వేసేదాన్ని, యోనస్ లైట్లు చూసేవాడు. దర్శకుడు బెర్న్‌ట్ రిటైరైన మాస్టారు. పాత సినిమాల తరహాలో కథ తనే రాశాడు. తెల్ల నావికుడు, భారతదేశపు పడవవాడి కూతురు ప్రేమించుకుంటారు, చివరికి ఆమె నదిలో దూకుతుంది. నాయిక నేనే అనుకుని సంబరపడ్డాను. తీరా చూస్తే నాయిక కారిన్, నావికుడు ఆమె భర్త ఉవే, నేను దాసీని. కారిన్‌కి గోధుమరంగు మేకప్ వేస్తామని, చీర మాత్రం నేను కట్టిపెట్టాలని బెర్న్‌ట్ ప్రేమగా చెప్పాడు. పుండు మీద కారం చల్లినట్టయింది.

ఎడిత్ గారు విని కుర్చీలోంచి లేచి నిలబడ్డారు. "ఏడవకు. ఎందుకు నీకివ్వలేదో అందరి ముందూ అతని నోటితో చెప్పించు. నేను ఆ ఒక్క ముక్క ఎవరినీ అడగలేదు. అడగకుండానే ఇంటికొచ్చేసి, ఇంకొకరి ముఖం వెనక దాక్కున్నాను."

మర్నాడు పెరట్లో దూరదూరంగా కుర్చీలు వేసుకుని కూర్చున్నాక అడిగాను. బెర్న్‌ట్ నిజంగానే ఆశ్చర్యపోయాడు. "రంగుకీ దీనికీ సంబంధం లేదు సునీతా! కరోనా నియమం. వేదిక మీద ముట్టుకోవాలంటే ఇద్దరూ ఒకే ఇంటివాళ్ళయి ఉండాలి. కారిన్, ఉవే భార్యాభర్తలు కదా!"

మంచివాడే పాపం. ప్రేమికులు తాకకూడదని ఒక నియమం, దాన్ని దాటడానికి ఒక రంగు డబ్బా. హాలీవుడ్ తొక్కిన దారే తనూ తొక్కుతున్నానని అతనికి తట్టలేదు. ఆ నియమానికి జవాబు నా దగ్గర ఉంది. చెబితే ఇక దాచడానికేమీ మిగలదు. నాటకం ఇంటర్నెట్‌లో లైవ్ వస్తుంది, గుంటూరులోనూ చూడొచ్చు. అయినా లేచాను.

"నేనూ యోనస్ కూడా ఒకే ఇంటివాళ్ళం. రెండేళ్ళ నుంచి."

"యోనస్‌కి నటన రాదే!" అన్నాడు బెర్న్‌ట్.

"ఉవేకి వచ్చా?"

అందరికంటే ముందు కారిన్ నవ్వింది. ఆ రంగు పూసుకోవడం తనకూ ఇష్టం లేదంది. ఊపు మీద ఉన్నానేమో, ఇంకో మాట కూడా అనేశాను. "నేను దూకను. ఆ పిల్ల బతకాలి." దీని మీద వారం రోజులు వాదన నడిచింది. నేను మెట్టు దిగలేదు.

నాటకం రోజు పొద్దున్నే నేనే అమ్మకి లింకు పంపాను. ఎవరో చెబితే తెలియడం నాకు ఇష్టం లేదు. ఎడిత్ గారు ముందు వరసలో కూర్చున్నారు. యోనస్ కొయ్యబొమ్మలా నిలబడ్డాడు, డైలాగు సగం మింగేశాడు. నేను నది దాకా వెళ్ళి, వెనక్కి తిరిగొచ్చి, అతని చెయ్యి పట్టుకున్నాను. ఎడిత్ గారు చప్పట్లు కొట్టలేదు. మాస్కు మీద చెయ్యి అడ్డం పెట్టుకుని ఏడుస్తూ కూర్చున్నారు.

ముఖం కడుక్కునేలోపే ఫోన్ మోగింది.

"ఏమే, ఆ నీళ్ళ కాడికి పోయావు చూడు, దూకుతావేమోనని నా గుండె గుబేలుమందే," అంది అమ్మ. "ఆ పిల్లాడికి యాక్టింగ్ ముక్క రాదు కదే. అది నిజమేనా అయితే?"

"నిజమేనమ్మా. నాన్న?"

"టీవీ కట్టేసి పోయి పడుకున్నారు. అన్నం కూడా తిన్లా."

నాన్న నాతో మాట్లాడటానికి చాలా నెలలు పట్టింది. ఈలోగా చలికాలంలో ఎడిత్ గారు గుండెపోటుతో పోయారు. కరోనా వల్ల సమాధి దగ్గరికి కొద్దిమందినే రానిచ్చారు. ఒకే ఇంటివాళ్ళమని మమ్మల్నిద్దరినీ పక్కపక్కనే నిలబడనిచ్చారు.

ఇప్పటికీ ఫ్రాంక్‌ఫర్ట్ ఇండియన్ షాపులో ఎవరో ఒక తెలుగావిడ బుట్టలో బెండకాయలు ఏరుకుంటూ యోనస్ వైపు చూసి, "ఈయన మీ ఆఫీసాయనా అమ్మా?" అని అడుగుతుంది. ఒక్క క్షణం అవునని తలూపేద్దామనిపిస్తుంది. ఇంకొకరి ముఖం వెనక దాక్కున్నానన్న ఎడిత్ గారి మాట గుర్తొస్తుంది. "కాదండీ, మా ఆయన," అంటాను, పక్క వరసలో ఉన్నవాళ్ళకి కూడా వినపడేలా.