దొంగ ఎవరో బాపుకు అక్కర్లేదు

సూరత్‌లో ఇన్నేళ్లు మరమగ్గాలు నడిపిన మా బాపు పని మానేశాక కంప్యూటర్‌లో ఆటలు పట్టాడు. హారం పోతుంది, గదిలో వస్తువులు వెతుక్కుంటూ దొంగను పట్టుకోవాలి, అలాంటివి. కంపెనీవాళ్లే గంటసేపు ఉచితంగా ఆడనిస్తారు. గంట కాగానే ఆట ఆగిపోయి కొనుక్కోమని అడుగుతుంది. బాపు కొనడు, లేచిపోతాడు. మర్నాడు ఇంకో ఆట. ఇన్నాళ్లలో ఒక్క దొంగనూ పట్టుకోలేదు.

నాకే మనసొప్పక ఇవాళ తగ్గింపు ధరకు ఒక ఆట పూర్తిగా కొన్నాను. బాపు ఆడాడు. సరిగ్గా గంటకు లేచి చెప్పులు వేసుకున్నాడు.

“బాపూ, పైసలు కట్టిన. ఇగ బంద్ కాదు. దొంగ దొరికేదాంక ఆడు.”

“నా షిఫ్ట్ అయిపోయింది బిడ్డా. సాంచ మీద బట్ట సగంల ఉన్నా టైం కాంగనే దిగుడే గదా. మిగిలింది ఎనుక షిఫ్టోడు నేస్తడు. నువ్వు కూసో.”

కూర్చున్నాను. పొయ్యి మీద పప్పు మాడింది గానీ దొంగ దొరికాడు. సూరత్ అమ్రోలిలో మా గల్లీ చివరనున్న టీ కొట్టు దాకా వెళ్లి బాపుకు ఆ సంగతి చెప్పాను.

“మంచిగైంది. రేపటికి కొత్తది ఎక్కియ్యి,” అన్నాడు.

దొంగ ఎవరని మాత్రం అడగలేదు. ఆ పేరు పట్టుకుని సాయంత్రం నుంచి తిరుగుతున్నాను. మీలో ఎవరైనా అడగండి, చెప్పేసి పడుకుంటాను.