నాగరత్నమ్మ నోట రాని పేరు

పుంగనూరులో మా వీధి చివర పిండి మిషన్ నడిపే నాగరత్నమ్మ నలభై రెండేళ్లపాటు ఒక పేరు పలకలేదు. అది ఆమె భర్త పేరు. మిషన్ బోర్డు మీద ఆ పేరు ఉండేది. కరెంటు కనెక్షన్ ఆ పేరు మీదే ఉంది. రేషన్ కార్డులో ఉంది, బ్యాంకు పుస్తకంలో ఉంది. ఆమె నోట్లో తప్ప అన్నిచోట్లా ఉంది.

మొగుడి పేరు పలికితే ఆయన ఆయుష్షు తగ్గిపోతుందని సదుం పక్క పల్లెలో పెళ్లయిన మర్నాడే అత్తగారు చెప్పిందట. ఈమె పొరపాటున కూడా పలకలేదు. ఆయన యాభై ఎనిమిదో ఏట గుండెపోటుతో పోయాడు. తగ్గకుండా అంత జాగ్రత్తగా కాపాడితే వచ్చిన ఆయుష్షు అది. నేను ముప్పై రెండేళ్లు ఇంగ్లీషు టీచరుగా చేసి రిటైరైనదాన్ని, వద్దన్నచోట ప్రశ్న అడగడం నాకు అలవాటు. ఇంక తగ్గడానికి ఏం మిగిలిందని, ఇప్పుడైనా ఆ పేరు చెప్పరాదా అని ఒకరోజు అడిగేశాను. ఆమె కోప్పడలేదు. నోరు రాదు టీచరమ్మా అని, నా రాగులు మిషన్లో పోసింది.

నోరు రాకపోతే పని ఆగుతుందా? కరెంటు ఆఫీసు నుంచి ఫోన్ వస్తుంది. మిషన్ హోరులో వినపడదని ఆమె ఎప్పుడూ స్పీకర్ పెట్టే మాట్లాడుతుంది. కనెక్షన్ ఎవరి పేరు మీద అని అటువైపు అడగ్గానే, రాగులు తెచ్చి నిలబడినవాళ్ల చేతిలో ఫోన్ పెట్టేస్తుంది. ఎవరో ఒకరు ఆ పేరు చెప్పాలి. మోచేతుల దాకా పిండి అంటుకుని నేనే ఎన్నిసార్లు చెప్పానో. ఒకసారి బ్యాంకులో కొత్తగా వచ్చిన గుమాస్తా, నోటితో చెప్తే గానీ రాసుకోనని పట్టుబట్టాడు. ఆమె వెనక్కి తిరిగి, వరసలో ఉన్న ముక్కూమొహం తెలియని మనిషికి పాస్‌బుక్ చూపించి చదివించింది. ఆయన కూడబలుక్కుని చదివాడు. గుమాస్తా రాసుకున్నాడు. అందరికీ పని జరిగింది.

ఆమె పేరుకు పట్టిన గతీ అంతే. అత్తగారింట్లో ఆమె 'ఏమే', కొడుకు పుట్టాక 'శివా వాళ్లమ్మ'. నాగరత్నమ్మ అని ఒకరున్నారని ఓటర్ల జాబితాకు మాత్రమే తెలుసు. కిందటేడు రోడ్డు వెడల్పు చేస్తూ మిషన్ ముందరి అరుగునూ, దాంతోపాటు బోర్డునూ పీకేశారు. బోర్డు లేని ఆ సంవత్సరంలోనే జనం దాన్ని 'నాగరత్నమ్మ మిషన్' అనడం మొదలుపెట్టారు. ఇన్నేళ్లకు నీ పేరు వీధి నోట పడిందని నేను సంతోషంగా అన్నాను. ఆమెకు నచ్చలేదు. పీకేసిన బోర్డు లోపల రాగుల మూటల వెనక ఉంది. దాన్ని ఎవరూ చదవడం లేదు.

"పేరనేది ఎవురన్నా పిలస్తాంటేనే ఉంటాది టీచరమ్మా," అంది. "ఆయన పేరు ఇంక ఎవురు పిలస్తారు?"

దానికి ఆమె దగ్గర ఒక లెక్క ఉంది. వాళ్ల కుటుంబాల్లో పెద్దకొడుకు మొదటి బిడ్డకు తాత పేరు పెడతారు. ఉన్న ఒక్క కొడుకు శివకుమార్ అంగళ్లు అనే ఊళ్లో ఒక కాలేజీలో లెక్చరరు, మదనపల్లెలో కాపురం. కోడలు రేఖ కుప్పం పిల్ల, ఇంట్లో కూర్చునే ఏదో బెంగళూరు కంపెనీ పని చేస్తుంది. కోడలికి నెల తప్పిందని తెలిసిన రోజునుంచి నాగరత్నమ్మ మనసులో ఆ బిడ్డకు పేరు పెట్టేసింది. పైకి చెప్పే వీలు లేదు కాబట్టి మనసులోనే పెట్టింది.

అయిదో నెలలో కొడుకూ కోడలూ పుంగనూరు వచ్చారు. వస్తూ వస్తూ పేరు తెచ్చారు.

ఆ పేరు హాలిస్. నాకు ఇంగ్లీషు తెలుసునని శివకుమార్ నన్ను పనిగట్టుకుని పిలిచి మరీ చెప్పాడు. మూడు వారాలు ఫోన్లో వెతికితే దొరికిందట. అతని క్లాసులో ఒకే పేరు గలవాళ్లు నలుగురేసి ఉంటారు, హాజరు పిలిస్తే నలుగురూ పలుకుతారు. ఈ పేరు మాత్రం రాయలసీమ మొత్తంలో ఎవరికీ ఉండదు. పైగా ఆడబిడ్డకైనా మగబిడ్డకైనా సరిపోతుంది. స్కానింగులో ఎలాగూ చెప్పరు, కాబట్టి ఎదురుచూస్తూ కూర్చోనక్కర్లేదు. అప్పటికే ఆ పేరుతో మెయిల్ ఐడీ తెరిచారు, బారసాల ఫ్లెక్సుకు ఆర్డరిచ్చారు. నాకు మెయిల్ ఐడీ వచ్చింది రిటైరయ్యే ఏడాది. ఆ బిడ్డకు పుట్టకముందే వచ్చింది.

అర్థమేమిటని అడిగాను. హాలీ చెట్ల దగ్గర ఉండేవాళ్లు అని శివకుమార్ చెప్పాడు. హాలీ చెట్టు గురించి నేను ముప్పై రెండేళ్లు పాఠం చెప్పాను, కానీ ఆ చెట్టును చూసిన పాపాన పోలేదు. చలిదేశాల చెట్టు, ఆకులకు ముళ్లుంటాయి, ఎర్రటి కాయలు కాస్తుంది. ముళ్ల చెట్ల పక్కన కాపురముండేవాళ్లు అని నాగరత్నమ్మకు తెలుగులో చెప్పాను. అట్లయితే సదుం చుట్టుపక్కల ఊళ్లన్నిటికీ ఆ పేరే పెట్టవచ్చు కదా అంది. కొడుకు నవ్వలేదు.

రేఖ మాత్రం అత్త పక్కన కూర్చుని ఓపిగ్గా చెప్పింది. ఆ పిల్లంటే నాకు ఇష్టం. నమ్మినదాన్ని సూటిగా చెప్తుంది.

"పేరుకు ఆడా మగా ఏముందత్తా? మనమే అంటగట్టినాం. బిడ్డకు పేరు కావల్ల, అంతే."

శివకుమార్ తలూపాడు. నేనూ ఊపాను. చదువుకున్న ముగ్గురమూ ఒక మాట మీద ఉన్నాం.

నాగరత్నమ్మ లేచి లోపలికి వెళ్లింది. మూటల వెనక నుంచి బోర్డును ఈడ్చుకొచ్చి, కొంగుతో దుమ్ము తుడిచి, కొడుకు ముందు గోడకు ఆనించి నిలబెట్టింది. దాని పక్కనే తానూ నిలబడింది. 'లక్ష్మీపతి రాగి పిండి మిషన్' అని పచ్చరంగు అక్షరాలు. చెప్పలేని మనిషి అంతకంటే ఎలా అడుగుతుంది?

శివకుమార్‌కు అర్థమైంది. బోర్డు వైపు సరిగా చూడలేకపోయాడు.

"మొగబిడ్డయితే సూస్తాం లేమ్మా," అన్నాడు. "ఆడబిడ్డయితే ఆ పేరు ఎట్ల పెడతాము? నలుగురూ నవ్వరా?"

పేరుకు ఆడామగా లేదన్న మాటకూ ఈ మాటకూ మధ్య రెండు నిమిషాలు కూడా గడవలేదు. నేను గమనించలేదు. రేఖా గమనించలేదు. గమనించిన మనిషి ఒకరున్నారని నాకు చాలా నెలలకు గానీ తెలియలేదు.

వాళ్లు వెళ్లాక నేనే ఇంకో ప్రశ్న వేశాను. మనవడే పుట్టి తాత పేరే పెట్టినా, ఈమె ఆ పేరుతో బిడ్డను పిలవలేదు కదా. పెట్టించుకుని ఏం లాభం?

"నేను పిలవకుంటే ఏమి," అంది. "ఊరంతా పిలుస్తాది గదా. నేను ఇంటాను."

నా ప్రశ్నకు నేనే సిగ్గుపడి ఇంటికొచ్చేశాను.

కుప్పంలో రేఖకు ఆడపిల్ల పుట్టింది. ఫోన్ రాగానే నాగరత్నమ్మ మిషన్‌కు వచ్చినవాళ్లందరి చేతిలో చక్కెర పోసింది. మనస్ఫూర్తిగానే పోసింది, అందులో అనుమానం లేదు. సాయంత్రం నేను వెళ్లేసరికి బోర్డు మళ్లీ మూటల వెనక్కి చేరింది. ఈసారి అక్షరాలు గోడవైపుకు తిప్పి ఉన్నాయి.

రెండు రోజులకు రేఖ నాకు ఫోన్ చేసింది. శివకుమార్‌కు అక్కచెల్లెళ్లు లేరు, కాబట్టి బిడ్డ చెవిలో పేరు చెప్పాల్సింది నాయనమ్మేనట. మూడుసార్లు చెప్పాలి, వీడియో తీస్తారు, ఆ వీడియో చాలామంది చూస్తారు. అత్తకు ఆ పేరు సరిగ్గా పలకడం నేర్పించమని అడిగింది. పద్దెనిమిది రోజులు గడువు.

రాగి పిండి ఎగిరే ఆ గదిలో నా చివరి క్లాసు మొదలైంది. ఒక్క విద్యార్థి, ఒక్క మాట. ఆమెకు ఏ మాటకైనా చివర ఒక ఉకారం తగిలిస్తే గానీ ఊపిరాడదు. హాలిస్సు అంటుంది. నేను సు వద్దంటాను. హాలీసు అంటుంది. నాలుగో రోజు నాకు కోపమొచ్చి రాగుల డబ్బా అక్కడే వదిలేసి ఇంటికొచ్చాను. ఆమె డబ్బాలో పిండి పట్టించి, ఇంటికి తెచ్చి, గుమ్మంలో నిలబడి మళ్లీ హాలిస్సు అంది. మిషన్ హోరు మీద వినపడాలని గట్టిగా అరుస్తూ అభ్యాసం చేసేది. దాంతో మా వీధిలో పూలమ్మే మునిలక్ష్మి నుంచి పాలాయన దాకా అందరికీ ఆ పేరు వచ్చేసింది, ఆమెకు తప్ప. పదిహేనో రోజు పొద్దున ఉన్నట్టుండి, తోక తెగిపోయి, శుభ్రంగా పలికింది. ముప్పై రెండేళ్లలో అంత శ్రద్ధ గల విద్యార్థి నాకు దొరకలేదు.

బారసాలకు నన్నూ రమ్మన్నారు. పుంగనూరు నుంచి పలమనేరు, అక్కడి నుంచి వి.కోట మీదుగా కుప్పం. బస్సు దిగేదాకా ఆమె పెదవులు కదులుతూనే ఉన్నాయి. పేరు మర్చిపోతుందేమోనని నేను పలకరించలేదు.

రేఖ తండ్రి గోవిందస్వామి గారి గేటు దగ్గర పెద్ద ఫ్లెక్సు కట్టి ఉంది. స్వాగతం హాలిస్ అని రెండు భాషల్లో ఉంది. బిడ్డ పుట్టకముందే ఆర్డరిచ్చింది కాబట్టి ఫొటోలో మాత్రం ఎవరో నీలికళ్ల తెల్లపిల్ల నవ్వుతోంది. వచ్చినవాళ్లు ఆ ఫొటోనూ ఉయ్యాల్లో ఉన్న చామనఛాయ పిల్లనూ మార్చి మార్చి చూసి, మర్యాదకు పోలికలు బాగున్నాయన్నారు.

పళ్లెంలో బియ్యం పోసి ఉంగరంతో పేరు రాశారు. నాగరత్నమ్మ ఒళ్లో బిడ్డను పెట్టారు. చెవి దగ్గర తమలపాకు అడ్డం పట్టుకుని ఆమె వంగింది. శివకుమార్ ఫోన్ దగ్గరగా పెట్టాడు. హాలిస్, అంది. హాలిస్. హాలిస్. మూడుసార్లూ ఒక్క అక్షరం జారలేదు. చప్పట్లు కొట్టారు. నేర్పింది నేనేనని తెలిసినవాళ్లు ఎవరైనా నావైపు చూస్తారేమోనని చుట్టూ చూశాను.

ఆమె మాత్రం తమలపాకు తీయలేదు. నాలుగోసారి వంగింది.

మిషన్ పక్కన బతికిన మనిషికి గుసగుస చేతకాదు. చిన్నగానే చెప్పాననుకుని ఉంటుంది. ఆ హాల్లో వెనక కుర్చీల దాకా వినపడింది.

"లక్ష్మీపతి."

శివకుమార్ చేతిలో ఫోన్ కిందికి దిగిపోయింది. తండ్రి పేరు తల్లి నోట వినడం అతనికి పుట్టి ముప్పై ఏళ్లకు అదే మొదటిసారి. వియ్యంకుడు గోవిందస్వామి గారే ముందు తేరుకున్నారు.

"ఏందక్కా, ఆడబిడ్డకు ఆ పేరా?"

నాగరత్నమ్మ తలెత్తింది. ఆ మొహంలో భయం లేదు, పొగరూ లేదు.

"పేరుకు ఆడా మగా లేదంట గదప్పా," అంది. "నీ కూతురే సెప్పింది. సదువుకున్న పిల్ల, తప్పు సెప్తాదా?"

రేఖకు ముందు నవ్వొచ్చింది. తర్వాత కళ్లు తుడుచుకుంది. అవును, నేనే చెప్పాను అని తండ్రితో అంది. నాకైతే నవ్వు రాలేదు, ఏడుపే వచ్చింది. ఇంగ్లీషు వినడానికి అంత దూరం వెళ్లి నేను విన్నది అది.

కాగితాల్లో ఆ పిల్ల హాలిస్‌గానే ఉంది. సర్టిఫికెట్‌లో రెండో పేరు ఎక్కించడం కుదరదని శివకుమార్ నెమ్మదిగా చెప్పబోతే, కాగితాల మీద శానా ఏండ్లు ఉండాది నాయనా, ఇంక నోట్లో ఉండనీ అందట. బోర్డును మిషన్ లోపలి గోడకు కొట్టించింది. రోజూ సాయంత్రం మదనపల్లెకు వీడియో కాల్ చేస్తుంది. అప్పుడు ఆమె పిలిచే పిలుపు వీధి మొదట్లో ఉన్న మా ఇంటి దాకా వినపడుతుంది.

పోయినవారం రాగులు తీసుకుని వెళ్లాను. అదే సమయానికి కరెంటు ఆఫీసు నుంచి ఫోన్ వచ్చింది. కనెక్షన్ ఎవరి పేరు మీద ఉందని అటువైపు కుర్రగొంతు అడిగింది. నేను అలవాటుగా ఫోన్ కోసం చెయ్యి చాపాను. ఆమె ఇవ్వలేదు.

"లక్ష్మీపతి," అంది, మిషన్ హోరును మించి.

"మీ ఇంటాయనామ్మా?" అన్నాడు అటువైపు నుంచి.

నాగరత్నమ్మ నావైపు చూస్తూ కొంగుతో మొహం మీది పిండి తుడుచుకుంది.

"కాదు నాయనా. మా మనవరాలు."