ఒకే చేతిరాతలో మూడు టెండర్లు

మా ఆయన పోయిన తర్వాతి ఏడాది నాకు సరిగా గుర్తు లేదు. గుర్తున్న కొద్దిపాటిలో సరివి తోట టెండరు ఒకటి.

ఉద్దానం తీరంలో మాది చేపల వేటకు వెళ్ళే పేట. రెండు వేల సంవత్సరం దాటిన కొత్తలో మాట. మా ఆయనకు కిడ్నీలు పాడయ్యాయి. సోంపేట తిరిగాం, పలాస తిరిగాం, ఆ తర్వాత తిరగవలసిన పని లేకపోయింది. అంతా నీళ్ళ వల్లే అని కొందరన్నారు, కాదని కొందరన్నారు. డాక్టర్లే తేల్చి చెప్పలేదు. మా వీధి నూతి నీరు మాత్రం ఎప్పటిలాగే తాగుతూ ఉన్నాం.

మా పేటలో ఒక ఆచారం ఉంది. వేటకు వెళ్ళే మనిషి పోతే, ఏడాది తిరిగేవరకూ పడిన చేపల్లో అతని వాటా ఆ ఇంటికే వస్తుంది. ఒకరు అడగరు, ఒకరు చెప్పరు. గడప దగ్గర చేపల బుట్ట పెట్టి వెళ్ళిపోతారు. బుట్టను చూసి నేను దేవుడి గూటి వైపు తిరిగి ఒక దణ్ణం పెట్టేదాన్ని. ఏడుపు వచ్చేది కాదు. చేపలు కడిగేదాన్ని.

ఆ ఏడాది ముగియవస్తుండగా, సముద్రం ఒడ్డునున్న సరివి తోటను, అంటే సరుగుడు చెట్లను, పంచాయతీ అమ్మకానికి పెట్టింది. కొన్నవాళ్ళు చెట్లు కొట్టించుకుని పోవాలి. ఎవరి ధర వాళ్ళు కవర్లో పెట్టి, అంటించి, పెట్టెలో వెయ్యాలి. వలలూ పడవలో మా భాగమూ అమ్మిన సొమ్ము నా దగ్గర ఉంది. తోట దక్కితే వాసాలకూ పందిళ్ళకూ కర్ర అమ్ముకుంటూ ఇంటి పట్టునే ఉండి పాపను పెంచుకోవచ్చు. దక్కకపోతే పాపను వదిలి రోజూ పలాస వెళ్ళి జీడిపిక్కలు ఒలవాలి.

పేట పెద్ద మా ఆయనకు పెదనాన్న, నాకు మావ. ఒక సాయంత్రం వచ్చి అరుగు మీద కూర్చున్నారు.

"ఏటే కోడలా, తోటకి రాత్తన్నావా?"

"రాద్దామనే ఉంది మావా."

"రాయి. మరెవులూ అడ్డు రారు. పేటంతా సెప్పీసినాను. ఏడాది తిరగని ఇంటితోటి పోటీ ఏటి?"

అయితే కనీసం మూడు టెండర్లు పడాలని పంచాయతీ గుమస్తా అన్నాడట. అందుకని మావ ఒకటి, ఆయన తమ్ముడు ఒకటి వేస్తామన్నారు. ఇద్దరికీ చదువు రాదు. నేనూ బడి మొహం చూడలేదు గానీ, భజనలో పద్యాలు చదివే మా అయ్య ఇసకలో వేలితో దిద్దించి నాకు అక్షరాలు నేర్పారు. ఆ పుణ్యాన పేటలో ఎవరికి అర్జీ కావాలన్నా నేనే రాసేదాన్ని. నా టెండరు రాసుకుని, వాళ్ళవి కూడా రాశాను.

"నీకంటే తక్కువ రాసీ," అన్నారు మావ. "మరీ తక్కువ రాయకు, నవ్వుతారు."

అందులో తప్పుందని మాలో ఎవరికీ తోచలేదు. గడప దగ్గరి బుట్ట లాంటిదే ఇదీ అనుకున్నాం.

బడి వరండాలో పెట్టె తెరిచారు. టెక్కలి నుంచి వచ్చిన ఆఫీసరు తాళం చెక్కుచెదరలేదని అందరికీ చూపించి, కవర్లు చింపి, పేర్లూ ధరలూ పైకి చదివాడు. చదివాక మూడు కాగితాలూ పక్కపక్కన పెట్టి చూశాడు.

"ఇవన్నీ ఎవరు రాశారు?"

"ఆ గుంటే బాబూ," అన్నారు మావ, నన్ను చూపించి, ఎంతో గొప్పగా. "పేటంతటికీ అదే రాత్తాది. అచ్చరాలు ముత్యాల్లాగుంటాయి."

వెనక ఎవరో కిసుక్కుమన్నారు. ఆఫీసరుకూ నవ్వు వచ్చినట్టే ఉంది, ఆపుకున్నాడు. కోప్పడలేదు. ఒకరి ధర ఒకరికి తెలియకుండా వేస్తేనే టెండరు అన్నాడు. తోట పంచాయతీది, అంటే అందరిదీ అన్నాడు. ఆ సొమ్ముతోనే పై ఊరి కొత్త ట్యాంకు నుంచి గొట్టాలు వెయ్యాలట.

"ఈ ధరకి అమ్మితే గొట్టాలు పై ఊళ్ళోనే ఆగిపోతాయి. మీ పేట దాకా రావు."

"ఆగనీ బాబూ," అన్నారు మావ. "బుద్దెరిగినకాడి నుంచీ ఆ నూతి నీరే తాగినాం. ముందు గుంట బతకాల."

అందరూ ఔనన్నారు. ఒక్కరు కూడా కాదనలేదు. ఆఫీసరు నా వైపు తిరిగాడు.

"నువ్వేమంటావమ్మా?"

పెద్ద ఆలోచనలేవీ రాలేదు. మా ఇంట్లో మూత పెట్టిన నీళ్ళ బిందె, దాని మీద పాప గ్లాసు, అవే కళ్ళ ముందు ఉన్నాయి.

"సరైన దర వత్తే గొట్టం మా ఈది దాకా వత్తాదా బాబూ?"

"వస్తుంది."

"మరైతే మళ్ళీ పెట్టండి."

నా మాటే ఎవరో అంటే విన్నట్టుంది నాకు. ఇంటికి వస్తుంటే మావ వెనక్కి తిరగకుండానే అన్నారు, "నోటికాడికొచ్చిన కూడు కాకులకేసీసినావే."

రెండోసారి పలాసలో, సోంపేటలో నోటీసులు అంటించారు. దండోరా వేశారు. నేనూ మళ్ళీ టెండరు వేశాను. పలాస కర్రల డిపో ఆయనది అందరికంటే ఎక్కువ. ఈసారీ అన్నీ పైకే చదివారు. వినేసి ఇంటికి వచ్చి అన్నం వండాను.

చెట్లు కొట్టేశాక మా గుమ్మంలోంచి సముద్రం కనబడేది. కంచంలోకి ఇసక వచ్చేది. ఏడాది నిండింది కనుక బుట్ట ఆగిపోయింది. అది ఆచారమే, కోపం కాదు. మావ మాత్రం మా అరుగెక్కడం మానేశారు. నేను పాపను పక్కింట్లో వదిలి పలాస బస్సెక్కడం మొదలుపెట్టాను. జీడి రసానికి వేళ్ళు నల్లబడ్డాయి. పక్కింటావిడకూ ఇద్దరు చంటిపిల్లలు, ఎన్నాళ్ళు చూడగలదు? ఇక ఆ పనీ మానుకోవాలేమో అనుకుంటూ ఉన్నాను.

గొట్టాలు వచ్చాయి. చివరి కుళాయి మా గోడ పక్కనే పడింది. నీళ్ళు వదిలిన రోజు ఆడవాళ్ళందరూ పట్టుకున్నాక, ఆఖరున మావ బిందెతో వచ్చారు. దోసిట పట్టి తాగారు.

"సప్పగుందే. మన నూతి నీరే రుసి."

అన్నారు గానీ, బిందె నింపుకునే వెళ్ళారు. మర్నాడు పొద్దున్నే మళ్ళీ వచ్చారు. బిందె కుళాయి కింద పెట్టి, వచ్చి అరుగు మీద కూర్చున్నారు.

"బస్సు ఎన్నింటికే?"

"వచ్చీ వేళయింది మావా."

"సిన్న గుంటని నా కాడ ఉంచీసి ఎల్లు. రోజూనూ."

లోపలికి వెళ్ళి, కొత్త నీళ్ళు ఒక గ్లాసు దేవుడి గూట్లో పెట్టాను. బుట్టలు పెట్టినవాళ్ళకూ, మొదటి టెండరు రద్దు చేసిన ఆ ఆఫీసరు బాబుకూ, మావకూ కలిపి ఒకే దణ్ణం పెట్టాను. మలుపులో బస్సు హారను వినబడింది.