ఎవాసియో వీపు

ఈ ఒక్క సినిమాలోనైనా నీ ముఖం చూపిస్తానని మాటిచ్చిన దర్శకుడు, ఆ రోజు కూడా ఎవాసియోను కెమెరాకు వీపు తిప్పి నిలబెట్టాడు. ఇటలీలోని ఆ టూరిన్ స్టూడియోలో వీరుడి వేషం కట్టే పెద్దమనిషి అట్టతో చేసిన బండ ఎత్తడానికే ఆయాసపడేవాడు. అతని బదులు గోడలు దూకి ఎముకలు విరగ్గొట్టుకున్నది ఎవాసియో.

అయినా ఎవాసియో ఆ దర్శకుడికే టోపీ తీసి, వంగి, కృతజ్ఞతలు చెప్పాడు. నటుడని నలుగురికీ తెలియాలిగా, ముఖాన రంగు కడుక్కోకుండానే బారుకొచ్చాడు.

"చూపించేది వీపైతే రంగు ముఖానికెందుకయ్యా?" అన్నాడు బారు యజమాని. అక్కడున్న మేమందరం నవ్వాం, ఎవాసియో కూడా.

మాటల సినిమాలొచ్చి స్టూడియో మూతపడ్డాక చివరిసారి ఆ బారులోనే అతన్ని కలిశాను. అప్పుడూ ముఖాన అదే రంగు.

"ఇంకా ఎవడికోసం బాబాయ్, ఈ వేషం?"

"పిలుస్తార్రా. ఈసారి నన్ను ఇటు తిప్పుతారు," అన్నాడు.