కోసెయ్యడానికే రాసిన సీను

నా చిన్నప్పుడు మా పక్కింట్లో సినిమాలు రాసిన అమ్మమ్మ ఉండేదంటే మా పిల్లలు నమ్మరు. దుబాయ్‌కి ఇంకా మెట్రో రాని రోజులవి. మేముండేది అబుదాబికి చాలా దూరంగా ఉన్న రువైస్‌లో, రిఫైనరీ వాళ్ళిచ్చిన క్వార్టర్స్‌లో. నాన్నతో పనిచేసే స్పెయిన్ ఇంజనీరు తల్లి ఆవిడ. చలికాలం మొదలవగానే కొడుకు దగ్గరికి వచ్చి, ఎండలు ముదిరేదాకా ఉండేది. మా అమ్మ వేసిన పెసరట్టు తింటూ వచ్చీరాని ఇంగ్లీషులో కబుర్లు చెప్పేది. నా ఇంగ్లీషూ అంతంతమాత్రమే కాబట్టి ఇద్దరికీ బాగా కుదిరింది.

వాళ్ళ దేశంలో ఒకప్పుడు ఒక్కడి మాటే చెల్లేదట. ఏ సినిమా కథైనా ముందు ప్రభుత్వం వాళ్ళకు చూపించాలి. వాళ్ళు ఎర్ర పెన్సిలు పట్టుకుని కూర్చునేవారు. అందుకని ఈవిడ ప్రతి కథలోనూ కోసెయ్యడానికే ఒక సీను రాసేది. వాళ్ళు దాన్ని కొట్టేసి, డ్యూటీ చేశామని తృప్తిపడి, ఈవిడకు కావలసిన సీను వదిలేసేవారు. ఇది చెప్పినప్పుడల్లా ఆవిడ పొట్ట పట్టుకుని నవ్వేది.

ఆ ఏడు మా తెలుగు కుటుంబాల ఉగాది ప్రోగ్రాముకు పిల్లల నాటకం నేను రాశాను. అందులో తల్లి "నేనూ కారు నేర్చుకుంటాను" అంటుంది. అది మా అమ్మ మాట. తమ్ముడిని అబుదాబిలో డాక్టరుకు చూపించాలంటే గంటల ప్రయాణం, నాన్నకు సెలవు దొరికేదాకా ఆగాలి. అమ్మ ఆ మాట అడిగితే నాన్న నవ్వేసి టీవీ పెట్టుకున్నాడు. నాకు ఒళ్ళు మండిపోయింది.

నాటకం చూసి సరేననాల్సిన కమిటీ అంకుల్ మంచివాడే. కానీ ఎవరింట్లోనూ గొడవ రాకూడదని ఆయన తాపత్రయం. ఆ కారు మాట ఉంచడని నాకు భయం. అందుకే అమ్మమ్మ చెప్పినట్టు, నాన్నావాళ్ళ మేనేజరు లుంగీ కట్టుకుని డాన్సు చేసే సీనొకటి చేర్చాను. అంకుల్ అదిరిపడ్డాడు.

"అరే బిడ్డా, ముదీర్‌కు లుంగీ కడ్తవా? మా నౌకరీలు ఖలాస్! అది తీసెయ్, మిగతాదంత మస్తుగుంది."

ఉగాది రోజు స్టేజీ మీద ఆ కారు మాట రాగానే ఆడవాళ్ళందరూ చప్పట్లు కొట్టారు. అమ్మ మాత్రం కొట్టలేదు, నన్నే చూస్తూ కూర్చుంది.

ఇంటికొచ్చి బూట్లు విప్పుతూ నాన్న అడిగాడు. "ఆ కారు మాట నీకెవురు చెప్పినారు పాపా?"

ఉత్త నాటకమే అనబోయాను. కానీ అమ్మమ్మ ఇంకోటి కూడా చెప్పింది. ఆ ఒక్కడి పాలన ముగిసి, ఎర్ర పెన్సిళ్ళు పోయాక, తన తోటి రచయితలు చాలామంది దాచి చెప్పే అలవాటు మానుకోలేకపోయారట. తను మాత్రం తంటాలుపడి సూటిగా రాయడం నేర్చుకుందట. గర్వంగా చెప్పుకునే సినిమాలన్నీ ఆ తర్వాతవేనట. అది చెప్పేటప్పుడు ఆవిడ నవ్వలేదు.

"అమ్మ మాటే నాన్నా. అమ్మ అడిగితే నువ్వు నవ్వినావు," అన్నాను.

నాన్న అమ్మ వైపు చూశాడు. "అవును, అడిగినా. ఇప్పుడూ అడగతా ఉండా," అంది అమ్మ. ఈసారి నాన్న నవ్వలేదు. ఆ వారమే డ్రైవింగ్ స్కూల్లో అమ్మ పేరు రాయించాడు.

మళ్ళీ చలికాలానికి అమ్మకు లైసెన్సు వచ్చాక, మొదటిసారి అబుదాబికి బయలుదేరినప్పుడు ముందు సీట్లో అమ్మమ్మ కూర్చుంది. వెనక నాకూ తమ్ముడికీ మధ్య ఇరుక్కుని నాన్న. అమ్మ మెడ నిటారుగా పెట్టి నడుపుతుంటే, ఈసారి నేను అమ్మనే చూస్తూ కూర్చున్నాను.

ఇప్పుడు సీరియళ్ళకు మాటలు రాస్తున్నాను. కోసెయ్యడానికే ఒక సీను ఇప్పటికీ రాస్తాను, ఛానెల్ వాళ్ళు ఇప్పటికీ దాన్నే కొట్టేస్తారు. ఇంట్లో మాత్రం నాకేం కావాలో సూటిగానే అడుగుతాను. మా అమ్మ కూతుర్ని కదా!