పొడుగు ముక్కాయన మైల

ఇప్పుడు ఏ దేశపు సినిమా అయినా అరచేతిలో తెలుగు మాట్లాడుతోంది గానీ, నేను చిత్తూరులో ఇంటిపట్టున చదువుకున్న కాలంలో మా అవ్వకు ఫ్రెంచి సినిమాలు తెలుగులో వినిపించే భాగ్యం దేవుడు నాకే ఇచ్చాడు. ఆయాసం వల్ల నన్ను బడికి పంపలేదు. నాయనే చదువు చెప్పాడు. పాండిచ్చేరి బేకరీలో పనిచేసే మామ పెన్‌డ్రైవు నిండా పాత సినిమాలు తెచ్చిస్తే, తెర కింద వచ్చే ఇంగ్లీషు చదివి అవ్వకు చెప్పడమే నా ఇంగ్లీషు పాఠం. (తెలియని మాట వచ్చినప్పుడల్లా 'భోంచేశారా అంటున్నాడు' అని సర్దేసేదాన్ని. ఆ దేశంలో మర్యాదలు ఎక్కువని అవ్వ మెచ్చుకునేది.)

అవ్వకు హీరోతో పని లేదు. దాదాపు ప్రతి సినిమాలో కాసేపు కనిపించి పోయే ఒక పొడుగు ముక్కాయన కోసమే కళ్ళద్దాలు తుడుచుకుని కూర్చునేది. ఆ ముక్కు అచ్చం ఎప్పుడో బొంబాయిలో పోయిన తన అన్నదేనట. సినిమాలు తీసిన వరుసలో లేవు కనుక ఆయన ఒకరోజు ముసలివాడుగా, మర్నాడు నల్లజుట్టుతో వచ్చేవాడు. "మొన్న పోస్టుమాను, నిన్న పోలీసు, ఈ పొద్దు హోటల్లో సర్వరు. ఈయప్ప ఒక్క పనిలో కుదురుగా నిలవడే" అంటూ అవ్వ నాయన వైపు చూసేది. తరచూ కొలువులు మార్చే నాయన పేపరు అడ్డం పెట్టుకునేవాడు.

అంతలో నా పదో తరగతి పరీక్ష వచ్చింది. నలుగురి మధ్య కూర్చుని రాయడం అదే మొదలు. పరీక్షకు ముందురోజు కాణిపాకం పోయి స్వామి పాదాల దగ్గర నా పెన్ను పెట్టిస్తానని అవ్వ మొక్కుకుంది. నా ధైర్యమంతా ఆ మొక్కు మీదే. ఆ ముందురోజు పొద్దున, గుడికి పోయేందుకు పక్కింటాయన కారు వచ్చేలోగా సినిమా పెడితే, ముక్కాయన నెరిసిన జుట్టుతో చర్చి గంట కొడుతూ కూలబడి చచ్చిపోయాడు. అవ్వ నేరుగా వెళ్ళి తలకు నీళ్ళు పోసుకుని వచ్చింది. "కారు వద్దని చెప్పు. అన్న పోతే మూడు దినాలు మైల. గుడికి యాడ పోయేది?"

"అమ్మా, అది సినిమా" అన్నాడు నాయన.

"నాకు తెలీదా? మా అన్న పోయినప్పుడు బాలింతనని ఏడాది దాకా నాకు చెప్పనేలేదు. అప్పుడు పోసుకోని నీళ్ళు ఇప్పుడన్నా పోసుకోనీరా."

నాయన మళ్ళీ పేపరు అడ్డం పెట్టుకున్నాడు. నాకు మాత్రం పెన్నే కళ్ళముందు ఆడుతోంది. ఆయన బతికే ఉన్నాడని చూపిస్తే వస్తావా అని అడిగి, ఒక్కో సినిమా తెరవసాగాను. సర్వరును అవ్వ ఒప్పుకోలేదు. ఎంటికలు నల్లగా ఉన్నాయి, అది చావుకు ముందుదే. జడ్జీగా వచ్చినదాంట్లో చెంపలు ఇంకా జారలేదు, కనుక అదీ చెల్లదు. బయట కారు హారను మోగింది. చివరికి ఒక దాంట్లో ముక్కాయన చేతికర్రతో, తెల్లటి కనుబొమలతో, కుక్కను తిడుతూ వచ్చాడు. అవ్వ తెర ఆపించి, దగ్గరికి వంగి చాలాసేపు చూసింది.

"కనుబొమలు గూడా నెరిసినాయి. సావలేదు మా అన్న" అని మెల్లగా అంది. "పెన్ను తీసుకో, పోదాం."

కాణిపాకంలో ఆయన పేరిట కూడా అర్చన జరిగింది, అవ్వ పుట్టింటి గోత్రంతో. స్వామి దయవల్ల నేను పాసయ్యాను. ముక్కాయన కూడా ఆ తర్వాత చాలా ఏళ్ళు పోస్టుమానుగానో, పాస్టరుగానో తెర మీద తిరుగుతూనే ఉన్నాడు.

అవ్వ ఇప్పుడు లేదు. ఈమధ్య ఫోనులో ముక్కాయన నిజంగానే పోయిన వార్త చదివి, నేను తలకు నీళ్ళు పోసుకున్నాను. సాయంత్రం దీపం పెట్టలేదు. ఎవరు పోయారని మావారు అడిగితే, మా అవ్వ వాళ్ళన్న అన్నాను.

"ఆయన ఎప్పుడో బొంబాయిలో పోయినాడంటివే?"

"మళ్ళీ పోయినాడు."

మావారు నవ్వుకుంటూ వెళ్ళాక పాత సినిమా ఒకటి పెట్టాను. ముక్కాయన ట్రే పట్టుకుని వచ్చి, ఎవరినో ఏదో అడిగాడు. భోంచేశారా అనే అయ్యుంటుంది. జుట్టు నిగనిగా నల్లగా ఉంది. అవ్వ లెక్కలో అది చెల్లదు. అయినా లేచి వెళ్ళి దీపం పెట్టాను.