బావ తెర మీద చచ్చిపోయిన మధ్యాహ్నం

ఆ రోజుల్లో మా చోడవరంలో ఎవడైనా మద్రాసు వెళ్ళొచ్చానంటే సగమే నమ్మేవారు. సినిమాలో వేశానంటే ఆ సగం కూడా పోయేది. ఇక నేనైతే పుట్టు అనుమానప్పక్షిని (ఉగ్గుపాలు కూడా వాసన చూసి తాగేవాణ్ణని అమ్మ అనేది). మేనత్త కొడుకు, అంటే మా బావ, రెండేళ్ళు మద్రాసులో ఉండి నల్లకళ్ళద్దాలతో బస్సు దిగి, ఒక సినిమాలో నటించానని చెప్పేసరికి నాలో ఇనస్పెక్టరు లేచి కూర్చున్నాడు. అప్పటికి నాకు పంతొమ్మిదేళ్ళు.

"ఏటి యేషం?" అన్నాను.

"జమిందారింట్లో వంటోడు. ఆయనకి ఇసం కలిపిన పాలు నేను తాగేసి సచ్చిపోతాను."

"ఫొటో ఏదీ?"

"సచ్చినోడికి ఫొటో ఎవడు తీస్తాడ్రా!"

తలుపు చాటు నుంచి అక్క అంతా నమ్మేసింది. చిన్నప్పటి నుంచీ బావకే ఇస్తామనుకున్న పిల్ల. నాన్నకి మాత్రం నా అనుమానం అంటుకుంది. "ఆ బొమ్మ మనూరొస్తాది కదా. తెర మీద నీ మొహం కనబడితే మా గుంటనిచ్చి పెళ్ళి సేస్తాను. నేకపోతే అనకాపల్లి సమ్మందం కాయం సేసెస్తాను," అని బావ మొహం మీదే చెప్పేశాడు. నా అనుమానం నెగ్గిందని నాకు లోలోపల సంతోషమే కలిగింది, ఇప్పుడు దాచుకుని ఏం లాభం.

నాలుగు నెలలకి ఆ సినిమా మా హాలుకి వచ్చింది. అందరం మొదటి ఆటకి వెళ్ళాం. జమిందారొచ్చాడు, పాటలొచ్చాయి, కత్తియుద్ధం వచ్చింది, బావ రాలేదు. మధ్యలో తెర మీద అందరూ ఎవరో చచ్చిపోయారని ఏడ్చారు గానీ ఎవరి కోసమో మాకు అర్థం కాలేదు (మా హాల్లో కథ అర్థం కాకపోవడం మామూలే). ఆట అవ్వగానే నాన్న కండువా దులుపుకుని నడిచి వచ్చేశాడు. "ఒట్టు మావయ్యా, ఉన్నాను!" అని బావ వెనకాల పరిగెత్తాడు. ఆ పూట నుంచి అక్క అన్నం ముట్టలేదు. మూడో రోజుకి నాకే భయం వేసింది.

అప్పుడు తట్టింది నా మట్టిబుర్రకి. మొదటి ఆట చూసే మాడుగుల వాళ్ళకి ఆఖరి బస్సు అందాలని ఆపరేటరు ఒక రీలు ఎగరగొట్టేవాడు. ఊరందరికీ తెలుసు, ఎవరూ అడిగేవారు కాదు. పరుగున వెళ్ళి అడిగాను. "నాలుగో రీలు బాబూ. దాన్లో పాటల్నేవు, పైటింగుల్నేవు. ఎవుడో వంటోడు సస్తాడు, అంతే. మేట్నీకైతే అన్నీ ఏస్తాం," అన్నాడు తాపీగా.

నాన్నని బతిమాలి, అక్కకి బలవంతంగా మజ్జిగ తాగించి, బావతో సహా అందర్నీ మ్యాట్నీకి లాక్కెళ్ళాను. నాలుగో రీల్లో బావ వచ్చాడు. గ్లాసెత్తాడు, తాగాడు, గొంతు పట్టుకుని వెల్లకిలా పడ్డాడు. అంతే, ఆడవాళ్ళ బెంచీల్లోంచి అక్క గొల్లుమంది. "ఓలమ్మా, నా బావ సచ్చిపోనాడే!" బావేమో మగవాళ్ళ బెంచీలోంచి లేచి, "ఒసే, ఇక్కడే ఉన్నానే!" అని చేతులూపుతున్నాడు. హాలంతా వెనక్కి తిరిగి చచ్చినవాణ్ణి చూసింది. నాన్న కండువాతో కళ్ళు ఒత్తుకుని, "ముహూర్తం ఎట్టించండ్రా," అన్నాడు.

పెళ్ళయ్యాక అక్క పెట్టిన షరతు ఒక్కటే, ఇంక తెర మీద చావడానికి వీల్లేదని. అయితే మద్రాసులో బావకి ఎవరిచ్చినా అదే వేషం. దాంతో వెళ్ళడం మానేసి చక్కెర ఫ్యాక్టరీలో కుదురుకున్నాడు. నాటకాలకి పిలిచినా పోలేదు.

మొన్నీమధ్య అరుగు మీద కూర్చుని ఉండగా, ఏమనుకున్నాడో, "ఇంకో రెండు బొమ్మల్లో సచ్చుంటే బతికే యేషం ఇచ్చేవోర్రా," అని నవ్వాడు. నేనూ నవ్వాను. లోపల్నుంచి అక్క, "ఏటి, ఇద్దరూ నవ్వుకుంతన్నారు?" అంది. ఏమీ లేదన్నాడు బావ. ఆ ఒక్క మాట మాత్రం, ఇంత అనుమానప్పక్షినై ఉండి కూడా, నమ్మినట్టే ఊరుకున్నాను.